విలంబైట్ నిక్షేపాలపై ఒక ప్రాథమిక నివేదిక

చేతి గడియారంలోని క్వార్ట్జ్ పలుకు సెకనుకు 32,768 సార్లు కంపిస్తుంది. ఎంత శ్రమపడినా అది కాలానికి బంట్రోతే. గంట ఎంతయిందో చెబుతుంది తప్ప, కాసేపు ఆగమని కాలానికి చెప్పే అధికారం దానికి లేదు. ఆ అధికారం ఉన్న ఖనిజం వేరే ఉంది. ప్రస్తుతానికి దాన్ని విలంబైట్ అని పిలుచుకుందాం. మంగంపేటలో ముగ్గురాయిని, తుమ్మలపల్లెలో యురేనియాన్ని పట్టుకున్న మన శాస్త్రజ్ఞులకు ఇది ఇన్నాళ్లూ చిక్కలేదు. వాళ్లు భూమి లోపల వెతకడమే అందుకు కారణం. విలంబైట్ నేలకు నాలుగడుగుల ఎత్తున, సిమెంటు దిమ్మెకు అతికించి, పసుపు కుంకుమలతో, వాడిన బంతిపూల దండతో దొరుకుతుంది.

చూడటానికి మామూలు నల్ల గ్రానైట్ పలకే. చీమకుర్తి సరుకైతే మధ్య మధ్య బంగారు చుక్కలు మెరుస్తుంటాయి. అవి బ్రాంజైట్ రేణువులు, వాటికి ఏ పాపమూ తెలియదు. అదే రాయి వంటింటి గట్టుగా మారితే కాలం సక్రమంగానే నడుస్తుంది, పప్పు వేళకే ఉడుకుతుంది. దాని మీద పేర్లు చెక్కి, నిమిషాలతో సహా ముహూర్తం చూసి, తెర తొలగించిన క్షణం నుంచే అసలు గుణం బయటపడుతుంది. పేర్ల పొడవు పెరిగేకొద్దీ శక్తి పెరుగుతుందనేది నా పరిశీలన. ముఖ్య అతిథి ఒక్కరే అయితే ప్రభావం స్వల్పం. గౌరవ అతిథులు, విశిష్ట అతిథులు, ప్రోటోకాల్ ప్రకారం స్థానిక ప్రజాప్రతినిధులు అందరూ చేరిన పలక చుట్టూ పిచ్చిమొక్కలు తప్ప మరేదీ ఎదగదు.

పోలవరాన్ని చూడండి. గోదావరి మీద అక్కడ ఆనకట్ట కట్టాలన్న ఊహ 1941 నాటిది. అప్పట్లో రామపాదసాగర్ అన్నారు. 1981లో శంకుస్థాపన జరిగింది. 2004లో ఇంకోసారి జరిగింది. 2014లో జాతీయ ప్రాజెక్టు అయింది. 1981 మే నెల అంటే మన లెక్కలో దుర్మతి నామ సంవత్సరం. తెలుగు సంవత్సరాలు అరవై ఏళ్లకొకసారి తిరిగి వస్తాయి కనుక 2041లో మళ్లీ దుర్మతే. అంతదాకా సాగినా, రాయి వేసిన సంవత్సరంలోనే పూర్తి చేశామని ధైర్యంగా ప్రకటించుకోవచ్చు. పంచాంగం అడ్డు చెప్పదు. అయితే ఈ ఖనిజం నిలిపివేసేది పనులను మాత్రమే. అంచనా వ్యయం మీద దాని ప్రభావం ఏమీ లేదని ప్రతి సవరణలోనూ రుజువవుతోంది.

అత్యంత సుసంపన్నమైన నిక్షేపం మాత్రం కడప జిల్లాలోనే ఉంది. ఉక్కు కర్మాగారం కోసం జమ్మలమడుగు ప్రాంతంలో 2007లో ఒక రాయి పడింది. 2018 డిసెంబరులో కంబాలదిన్నె వద్ద రెండోది, దాదాపు ఏడాదికి సున్నపురాళ్లపల్లెలో మూడోది, 2023 ఫిబ్రవరిలో అదే ఊళ్లో నాలుగోది. ఉక్కు రావాలంటే ముడి ఇనుము, బొగ్గు, నీళ్లు కావాలని పుస్తకాల్లో చదువుకున్నాం. గ్రానైట్ ఇంత అవసరమని ఎవరూ చెప్పలేదు. పార్టీలకు అతీతంగా ఇంత నిష్ఠతో జరిగిన ప్రయోగం మరొకటి నాకు గుర్తు రావడం లేదు. ఇక్కడ తేలిన ఫలితం ఆసక్తికరమైనది. కర్మాగారానికి కాలం ఆగింది గానీ, అందులో ఉద్యోగం కోసం చూసేవాడికి ఆగలేదు. మొదటి రాయి నాటికి ఇరవై ఏళ్లున్న కుర్రవాడికి నాలుగో రాయి నాటికి ముప్పయ్యారు వచ్చాయి. నియామకాల్లో వయోపరిమితి సడలింపు ఇచ్చేటప్పుడు విలంబైట్ బాధితులను ప్రత్యేక వర్గంగా గుర్తించాలి.

విమానాశ్రయాల్లోనూ జాడలున్నాయి. భోగాపురానికి 2019లో ఒకసారి, 2023లో ఒకసారి రాయి వేశారు. రెండు రాళ్లంటే కడప పక్కన పసిగుడ్డు కింద లెక్క.

కాలాన్ని సాగదీయడమే కాదు, కుదించే రకం కూడా ఉంది. అది తెలంగాణలో, మేడిగడ్డ దగ్గర బయటపడింది. 2016లో కాళేశ్వరానికి రాయి, 2019 జూన్‌లో ప్రారంభోత్సవం. అంత వేగం చూసి ఈ నేలలో విలంబైట్ లేదేమో అనుకున్నాం. 2023 అక్టోబరులో బ్యారేజీ పిల్లర్లు కుంగాక గాని అర్థం కాలేదు, అక్కడ కాలం అటు ఆగకుండా ఇటు పరిగెత్తిందని. వందేళ్లలో రావలసిన వృద్ధాప్యం నాలుగేళ్లలో వచ్చేసింది.

పాత రాళ్లలో ఈ గుణం తక్కువ. నాగార్జునసాగర్‌కు నెహ్రూ 1955 డిసెంబరు 10న రాయి వేశారు, 1967లో కాలువల్లోకి నీళ్లు వదిలారు. అంత పెద్ద రాతి ఆనకట్టను ప్రధానంగా మనుషుల చేతులతో కట్టారు. కాటన్ దొర ధవళేశ్వరం పని 1847లో మొదలుపెట్టి 1852కు ముగించాడు. అప్పట్లో రాయిని కట్టడానికి వాడేవారు. బహుశా అందుకే అది పాడవలేదు.

ఇక కాఠిన్యం. మోహ్స్ కొలమానంలో వజ్రానిది పది. విలంబైట్‌ను ఎండా వానా ఏమీ చేయలేవు, అయిదేళ్లు పలకలో ఒక్క అక్షరం చెరగదు. ఓట్ల లెక్కింపు జరిగిన రాత్రి మాత్రం అది బిస్కెట్‌లా విరుగుతుంది. తెల్లారేసరికి దిమ్మె మిగులుతుంది, పలక ఉండదు. పగిలిన చోట మరింత వెడల్పయిన పలకకు వెంటనే టెండరు పిలవడం ఆనవాయితీ. ఇక్కడే నాకొక అభ్యంతరం ఉంది. చీమకుర్తి కొండలు తరగని గనులేమీ కావు. పలకలను పగలగొట్టకుండా జాగ్రత్తగా ఊడదీసి, వెనకవైపు చెక్కించుకుంటే ఒక్కో రాయి రెండు ప్రభుత్వాలకు వస్తుంది. ప్రాజెక్టు పేరు ఎలాగూ మారదు కాబట్టి దాన్ని రెండు వైపులా ముందే చెక్కించి పెట్టుకోవచ్చు. తేదీ చోటు ఖాళీగా వదిలితే చాలు.