థ్రిల్లర్ సినిమాల్లోని ప్రియుడి గారికి ఒక విన్నపం

మహారాజశ్రీ సైకలాజికల్ థ్రిల్లర్లలోని ప్రియుడి గారికి,

ఉభయకుశలోపరి అని మొదలుపెట్టడం ఉత్తరాలకు ఆనవాయితీయే గానీ, మీతో పరిచయమైన అమ్మాయి కుశలం ఇంటర్వెల్ దాకా కూడా నిలవదు కనుక ఆ మాట మానేశాను.

తొలి అరగంటలో మీ మర్యాదకు జోహార్లు. ఆమె తల్లిని నవ్విస్తారు, తమ్ముడితో ఆడతారు, చెప్పాపెట్టకుండా కాలేజీ గేటు దగ్గర ప్రత్యక్షమవుతారు. ఆమె బయటికొచ్చే వేళ మీకెలా తెలిసిందని మాలో ఎవరమూ అడగం. వెనుక వయొలిన్లు మోగుతుంటాయి కదా. ద్వితీయార్ధంలో అదే గేటు దగ్గర, అదే నవ్వుతో మీరు నిలబడితే మాత్రం వయొలిన్లు ఆగిపోయి ఒక్క మంద్రస్వరం సాగుతుంది, మా చేతిలోని పాప్‌కార్న్ నోటిదాకా రాదు. మారింది మీరు కాదు, సంగీత దర్శకుడు.

పేరు చెక్కుకోవడం మీ వంశాచారం కాబోలు. 1993 నాటి ‘డర్’లో షారుఖ్ ఖాన్ ఛాతీ మీద కిరణ్ పేరు చెక్కుకుంటే, 1996 నాటి హాలీవుడ్ ‘ఫియర్’లో మార్క్ వాల్‌బర్గ్ నికోల్ పేరు చెక్కుకున్నాడు. రెండు సినిమాల పేర్లకూ అర్థం భయమే. పోస్టరు మీద అంత పెద్దక్షరాలతో రాసినా లోపల ప్రేమ ఉంటుందని టికెట్టు కొన్నది మేమే లెండి.

కత్తి తీయకుండానే వణికించిన మీ అన్నగారు 1991 నాటి ‘స్లీపింగ్ విత్ ది ఎనిమీ’లో భర్త రూపంలో ఉన్నారు. బాత్రూంలో తువ్వాళ్ల అంచులు సమానంగా వేలాడాలి, అలమరలో డబ్బాలు వరుస తప్పకూడదు, అంతే. ఆయన్నుంచి పారిపోయి వేరే ఊళ్లో, వేరే పేరుతో బతుకుతున్న జూలియా రాబర్ట్స్ ఒక రాత్రి తన వంటింటి అలమర తెరిస్తే, తాను ఇష్టమొచ్చినట్టు పెట్టుకున్న డబ్బాలు బారులు తీరి ఉంటాయి. ఇల్లు సర్దిపెట్టిన మగవాణ్ణి చూసి హడలిపోయింది నా జీవితంలో అదొక్కసారే.

చివర్లో మిమ్మల్ని చంపేయడం మీదే నా ఫిర్యాదు. మీరు పోతే రచయితకు ఫిర్యాదు కాగితం, బెయిలు, వాయిదాలు రాసే పని తప్పుతుంది. బెయిలు మీద వచ్చిన మీరు మళ్లీ అదే గేటు దగ్గర నిలబడే సీను ఎవరూ తీయరు.

వచ్చే సినిమాలో ఆమె మొదటిసారి “ఇక రావద్దు” అన్నప్పుడు “సరే” అని వెళ్లిపొండి. పదిహేను నిమిషాల్లో సినిమా అయిపోతుంది. నిర్మాత గారికి నేను నచ్చజెబుతాను.

ఇట్లు,
మీ తొలి అరగంటకు ప్రతిసారీ మురిసిపోయే
ఒక ప్రేక్షకురాలు