ముప్పావు కిలో లెక్క బళ్లో ఎందుకు తప్పుతోంది?

విజయవాడలో తోపుడుబండి దగ్గర అమ్మకు సాయంగా నిలబడే పిల్లాణ్ని అడగండి: కిలో 40 అయితే ముప్పావు కిలో ఎంత? తడుముకోకుండా 30 అంటాడు. బళ్లో 40ని 0.75తో గుణించమంటే పెన్ను కదలదు. కోల్‌కతా, ఢిల్లీ బజార్లలో పనిచేసే పిల్లల మీద జరిగిన అధ్యయనం 2025లో నేచర్ పత్రికలో వచ్చింది. బజారు లెక్క చకచకా చెప్పినవాళ్లు బడి లెక్క దగ్గర ఆగిపోయారు. బడి లెక్క వచ్చి, బజారు పని ఎరుగని బడి పిల్లలు బజారు లెక్క దగ్గర తడబడ్డారు. అందుకే 'వీడికి లెక్కలు రావు' అనే మాట నాకు అన్యాయంగా తోస్తుంది. వాడికి రానిది లెక్క కాదు, బడి దాన్ని అడిగే తీరు.

2019 నవంబరులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వ బళ్లకు ఇంగ్లిషు మీడియం జీవో వచ్చిన దగ్గర్నుంచి మన వాదనంతా ఏ మీడియం అన్నదాని చుట్టూనే. 2020 ఏప్రిల్‌లో హైకోర్టు దాన్ని కొట్టేసింది. ఆ తర్వాత ఒక పేజీ ఇంగ్లిషు, ఎదురు పేజీ తెలుగు ఉన్న పుస్తకాలొచ్చాయి. మంచి పనిముట్టే. కానీ ఇంగ్లిషు పేజీ చదివించి, జవాబు బోర్డు మీద రాసి బట్టీ పట్టిస్తే ఏమవుతుంది? రమ దగ్గర 12 పెన్సిళ్లు, సీత దగ్గర 8. 'హౌ మెనీ మోర్' అని అడిగితే పిల్లలు 20 అని రాస్తారు. మోర్ అంటే ఎక్కువ, ఎక్కువంటే కూడిక! పోనీ తెలుగు పేజీ చూస్తే 'భేదము' లాంటి పుస్తకాల మాట ఎదురవుతుంది. ఇంట్లో అనేది 'తేడా ఎంత' అని. లంబాడీ పిల్లలకైతే ఆ తెలుగే రెండో భాష.

ఉద్యోగస్తుల ఇళ్లలో మూడేళ్ల బిడ్డను 'ఇదేం రంగు?' అని అడుగుతారు, జవాబు తమకు తెలిసినా సరే. టీచరు అడిగేదీ అలాంటి ప్రశ్నే కాబట్టి ఆ బిడ్డకు బడి కొత్త కాదు. గుంటూరు మిర్చి గోదాముల్లో తొడిమలు తీసి చీకటిపడ్డాక ఇల్లు చేరే తల్లి తెలియనిదే అడుగుతుంది: 'తమ్ముడు తిన్నాడా?' ఆ ఇంటి బిడ్డకు టీచరు ప్రశ్న వింతగా ఉంటుంది, ఊరుకుంటుంది. ఆ మౌనాన్ని మనం మొద్దుతనం అనుకుంటాం. పైగా డైరీలో హోంవర్కు ఇంగ్లిషులో. అదే తెలుగులో వాయిస్ మెసేజ్‌గా పంపితే ఆ తల్లి వింటుంది.

తరగతిలో చేయగలిగింది చిన్నదే. లెక్కను రెండుసార్లు పైకి చదవాలి, ఇంటి మాటల్లో పిల్లల చేత చెప్పించాలి, గింజలతో పేర్పించాలి, ఆ తర్వాతే 'భేదము', 'డిఫరెన్స్' అనే పేర్లు. పేరు ముందొచ్చి అర్థం తర్వాతొస్తే మిగిలేది బట్టీయే.

అందరికన్నా నష్టపోయేది సుగ్గి పిల్లలు, అంటే కోతల వలసకు వెళ్లే ఇళ్ల పిల్లలు. ఆదోని, మంత్రాలయం వైపు నుంచి మిర్చి కోతలకు గుంటూరు పల్లెలకు వచ్చే కూలీలతో బిడ్డలూ వస్తారు, సరిగ్గా వార్షిక పరీక్షలకు ముందు నెలల్లో. తిరిగి వెళ్లాక తరగతి పెరుగుతుంది, చదువు పెరగదు. బయల్దేరేటప్పుడు వాళ్ల చేతికి ఒక చీటీ ఇవ్వాలి: ఒత్తులున్న మాటలు చదవగలదా, తీసివేతలో అప్పు తెచ్చుకోవడం వచ్చా. కొత్త ఊళ్లో టీచరుకు 'నాలుగో తరగతి' అనే మాటకన్నా ఆ రెండు వాక్యాలే పనికొస్తాయి.