షోల్డర్ కోడింగ్ "గోల్డెన్ రూల్స్": దయచేసి ఇక ఫార్వర్డ్ చేయకండి

"షోల్డర్ కోడింగ్‌కి 6 గోల్డెన్ రూల్స్, సేవ్ చేసుకోండి" అనే మెసేజ్ మళ్లీ మొదలైంది. అమెరికన్ చార్టుల (పేషెంట్ రికార్డుల) మీద రోజూ పనిచేసే మెడికల్ కోడర్లే, అంటే డాక్టర్ రాసిన జబ్బుని ఇన్సూరెన్స్ క్లెయిమ్ కోసం ఐసీడీ-10-సీఎం కోడ్‌గా మార్చేవాళ్లే, దీన్ని పంపుకుంటున్నారు. కింద దండం బొమ్మలు కూడా.

ముందు చిల్లరవి. "ప్రతి షోల్డర్ కోడ్ చివర ఏ లేదా డీ ఉండాలి" అట. ఆ అక్షరాలు ఎస్46 లాంటి గాయం కోడ్ల చివర వచ్చేవి. ఎం75.121 (కుడి భుజం రొటేటర్ కఫ్, అంటే భుజాన్ని పట్టి ఉంచే టెండన్ల గుంపు, పూర్తిగా చిరగడం, దెబ్బ వల్లని చెప్పనిది) పక్కన ఏ తగిలిస్తే అసలు అలాంటి కోడే లేదు, క్లెయిమ్ గడప దాటదు. "టేర్ (చిరుగు) కోడ్‌తో పాటు నొప్పికి ఎం25.511 కూడా వేయండి, సేఫ్" అన్నది ఇంకోటి. చిరిగిన టెండన్ నొప్పి పుట్టించడం వింతేం కాదు. జబ్బులో భాగమైన లక్షణాన్ని విడిగా కోడ్ చేయరు.

"ఏ అంటే మొదటి విజిట్, డీ అంటే ఫాలో అప్" అన్నదానికి కొంచెం ఓపిక కావాలి. ఏ అంటే యాక్టివ్ ట్రీట్‌మెంట్ నడుస్తోందని. భుజం చిరిగిన 3 నెలలకు, 5వ విజిట్‌లో ఆపరేషన్ చేసినా ఏ వస్తుంది. అప్పుడే కొత్తగా చూసిన సర్జన్‌కీ అదే. ఆపరేషన్ తర్వాత ఫిజికల్ థెరపీకి మొదటిసారి వెళ్లినా డీ, అంటే కోలుకునే దశ. ఇక ఎస్‌ని, అంటే పాత గాయం మిగిల్చిన ఇబ్బందికి వేసే అక్షరాన్ని, ఆ మెసేజ్ మర్చేపోయింది. గాయం మానినా భుజం బిగుసుకుపోయి, అది ఆ పాత గాయం వల్లేనని ప్రొవైడర్ (వైద్యం చేసే డాక్టర్) రాస్తే, బిగుతుకి ఎం25.611 ముందు, పాత గాయానికి ఎస్46.011ఎస్ తర్వాత. రెండూ కావాలి, ఆ వరసలోనే.

అసలు మంట పెట్టేది మొదటి రూల్: "40 దాటితే ఎం75.1, లోపైతే ఎస్46.01." వయసు చూసి కోడ్ వేయాలట! చార్ట్ చదవడం ఎందుకు, పుట్టిన తేదీ ఉంటే చాలు.

వయసు పెరిగేకొద్దీ రొటేటర్ కఫ్ దానంతటదే అరిగి చిరగడం ఎక్కువే, కాదనను. కానీ ఎక్కువమందికి జరిగేదే ఈ పేషెంట్‌కీ జరిగిందని తేల్చే అధికారం కోడర్‌కి ఎవరిచ్చారు? ఎం75.1 శీర్షికే "ట్రామాటిక్ (దెబ్బ వల్ల) అని పేర్కొననిది" అంటోంది. అంటే చార్ట్‌లో ఉత్త "రొటేటర్ కఫ్ టేర్" అని ఉంటే 25 ఏళ్లకైనా 75 ఏళ్లకైనా అక్కడికే వెళ్లాలి. ప్రొవైడర్ ట్రామాటిక్ అని రాస్తే ఎస్46.01.

63 ఏళ్ల వడ్రంగి పనిలో నిచ్చెన మీంచి పడ్డాడనుకోండి. ప్రొవైడర్ "ట్రామాటిక్ కంప్లీట్ టేర్, కుడి భుజం" అని స్పష్టంగా రాశాడు. సరైనది ఎస్46.011ఏ. మన గోల్డెన్ రూల్ ఎం75.121 వేయిస్తుంది. వర్కర్స్ కాంపెన్సేషన్ (పనిలో తగిలిన గాయాలకు చెల్లించే) ఇన్సూరెన్స్‌వాడికి ఇంతకన్నా ఏం కావాలి? "ఇది పనిలో తగిలిన దెబ్బ కాదు, మీ కాగితమే చెబుతోంది" అంటాడు. ఇటు తిప్పి చూడండి. ఏళ్ల తరబడి చేతులు పైకెత్తి రంగులు వేసి కఫ్ అరగదీసుకున్న 38 ఏళ్ల పెయింటర్‌కి ఎస్46 వేస్తే, యాక్సిడెంట్ ఎప్పుడు, ఎక్కడ, తప్పెవరిది అని పేయర్ (డబ్బు కట్టే ఇన్సూరెన్స్) నుంచి ప్రశ్నాపత్రం వస్తుంది. జరగని యాక్సిడెంట్ గురించి ఆయనేం రాయాలి? అది నింపి పంపేదాకా క్లెయిమ్ కదలదు.

ఇక్కడ ఇంకో గుంట ఉంది. ఎం75.11 పార్షియల్‌కి, ఎం75.12 కంప్లీట్‌కి. ఎస్46.01లో ఆ విభజన లేదు, పైగా శీర్షికలో "స్ట్రెయిన్" అని ఉంటుంది. "కంప్లీట్ అని రాశారుగా, ఎం75.12 అయితేనే స్పెసిఫిక్" అని దానికేసి మొగ్గేవాళ్లున్నారు. కోడ్ పుస్తకం ఇండెక్స్‌లో టేర్, రొటేటర్ కఫ్, ట్రామాటిక్ దగ్గర చూడండి, ఎస్46.01కే పంపుతుంది. హిస్టరీలో పడ్డట్టుంది, టేర్‌కీ దానికీ సంబంధం మాత్రం రాయలేదంటే ప్రొవైడర్‌కి క్వెరీ (రాతపూర్వక ప్రశ్న) పెట్టాలి. అదీ "పడటం వల్లే కదా డాక్టర్?" అని కాదు. ట్రామాటిక్, డీజెనరేటివ్ (అరుగుదల), పాతదాని మీద కొత్త దెబ్బ, ఇతరం, చెప్పలేం అని అన్నీ ఇచ్చి అడగాలి.

"సస్పెక్టెడ్ అని ఉన్నా టేర్ కోడ్ వేసేయొచ్చు" అన్నది ఔట్‌పేషెంట్‌లో తప్పు. "కుడి భుజం నొప్పి, రూలౌట్ కఫ్ టేర్" (టేర్ ఉందో లేదో తేల్చాలి) అని ఉంటే ఎం25.511 ఒక్కటే. నొప్పి కోడ్ వద్దన్న చోట వేయించి, కావలసిన చోట పీకించడం ఈ మెసేజ్‌కే చెల్లింది. ఎంఆర్ఐ చేసిన రోజు క్లెయిమ్‌కి మాత్రం, రేడియాలజిస్ట్ ఫైనల్ రిపోర్ట్‌లో టేర్ అని నిర్ధారించి ఉంటే కోడ్ చేయొచ్చు.

చాలామంది సీనియర్లు ఎగతాళి చేస్తున్న రూల్ ఒకటుంది: "ప్రొవైడర్ ఏ వైపో రాయకపోతే నర్స్ నోట్స్‌లో చూసుకోండి." అది కరెక్టే! 2021 అక్టోబర్ నుంచి అధికారిక కోడింగ్ గైడ్‌లైన్స్‌లోనే ఉంది, వైపు విషయంలో ఇతర క్లినీషియన్ల నోట్స్ వాడొచ్చు. ఎం75.120 (ఏ వైపో చెప్పని కోడ్) వేసి డినయల్ (క్లెయిమ్ తిరస్కరణ) తెచ్చుకునే ముందు ఆ పేజీలు తిప్పండి. నర్స్ ఎడమ అని, థెరపిస్ట్ కుడి అని రాస్తే మాత్రం మీరు ఓటింగ్ పెట్టకండి, ప్రొవైడర్‌నే అడగండి.