ఒక్క సిక్స్ క్లిప్‌కి ఇంత గోలా

నిన్న రాత్రి క్రికెట్ వీడియో గేమ్‌లో లాస్ట్ బాల్‌కి 5 కావాలి, యార్కర్ పడింది, లాంగాన్ మీదుగా లేపి పడేశా, చేతులు వణికాయంటే నమ్మండి. సరే రీల్ పెడదామని కూర్చున్నానా, అయిపోయా. గేమేమో అడ్డంగా 1920 బై 1080, రీల్‌కేమో నిలువుగా 9:16, క్రాప్ చేస్తే మిగిలేది 608 పిక్సెల్స్ వెడల్పు, అందులో బ్యాటర్ ఉంటే బాల్ ఉండదు, బాల్ వెనకే ఫ్రేమ్ జరుపుకుంటూ పోతే స్కోర్‌బోర్డ్ తెగిపోయి 5 కావాలన్న ముక్కే కనపడదు, ఇంక ఆ సిక్స్‌కి విలువేంటి? కీఫ్రేములు, అంటే ఏ క్షణానికి ఫ్రేమ్ ఎక్కడుండాలో చెప్పే గుర్తులు, పెట్టుకుంటూ కూర్చుంటే ఒంటిగంట దాటింది. 11 సెకన్ల క్లిప్పండీ! తీరా పోస్ట్ చేస్తే, సిక్స్ పడగానే గేమే వేసే పాటకి కాపీరైట్ అని సౌండ్ మొత్తం మ్యూట్. పొద్దున చూస్తే 43 వ్యూస్, ఒకే ఒక్క కామెంట్, అదీ మా బావది: "ఈజీ మోడా బామ్మర్దీ?"