అడక్కుండా కట్టావు, రుజువు లేకుండా అరిచావు

ఉరుగ్వే నది అర్జెంటీనాకూ ఉరుగ్వే దేశానికీ సరిహద్దు. ఉరుగ్వే వైపు ఫ్రై బెంటోస్‌లో 2007 నవంబరులో కాగితపు గుజ్జు మిల్లు మొదలైంది. అప్పటికే గొడవ హేగ్‌లోని అంతర్జాతీయ న్యాయస్థానం దాకా వెళ్లింది. 2010 ఏప్రిల్ 20న తీర్పు వచ్చింది. ఆ ఏడాది చివర్లో రెండు ఒడ్లూ మాట్లాడుకుంటే ఇలా ఉండేదేమో.

అర్జెంటీనా ఒడ్డు: 1975 ఒప్పందంలో ఏం రాసుకున్నాం? నదికి హాని చేయగల పని ఏదైనా ముందు ఉమ్మడి కమిషన్‌కు చెప్పాలని. నువ్వు చెప్పకుండానే అనుమతులిచ్చేశావు.

ఉరుగ్వే ఒడ్డు: అది తప్పేనని కోర్టు 13–1 ఓట్లతో తేల్చింది, కాదనను. కాలుష్యం సంగతి కూడా చెప్పు మరి. అందులో 11–3తో నా మాటే నెగ్గింది.

అర్జెంటీనా ఒడ్డు: 2009 ఫిబ్రవరిలో నీళ్ల మీద నాచు తేలింది, నువ్వూ చూశావు.

ఉరుగ్వే ఒడ్డు: చూశాను. నాచును పెంచే ఫాస్ఫరస్ నదిలో ఎక్కువే. పొలాల ఎరువులు, ఊళ్ల మురుగు రెండు వైపుల నుంచీ దిగుతున్నాయి. మొత్తంలో మిల్లు వాటా చాలా కొంచెమని కోర్టే అంది. ఆ నాచు మిల్లు వల్లే వచ్చిందని నువ్వు చూపించలేకపోయావు.

అర్జెంటీనా ఒడ్డు: ఎలా చూపించను? మిల్లు నీ గట్టున, గొట్టం నీ గట్టున, రుజువు మాత్రం నేను తేవాలి! ముందే చెప్పి ఉంటే, మిల్లు రాకముందు నీళ్లెలా ఉన్నాయో ఇద్దరం కలిసి కొలిచి పెట్టుకునేవాళ్లం.

(ఈ మాటకు ఉరుగ్వే ఒడ్డు దగ్గర సరైన జవాబు లేదనే నా అనుమానం. అందుకే మాట మార్చింది.)

ఉరుగ్వే ఒడ్డు: కొలవాల్సినదానివి మనిద్దరినీ కలిపే వంతెన దారిలో బైఠాయించావేం? మూడేళ్లకు పైగా దారి మూసేశావు.

అర్జెంటీనా ఒడ్డు: వినేవాళ్లు లేకే జనం రోడ్డెక్కారు. ఇంతకీ నాకు దక్కిందేమిటి? తప్పు జరిగిందని ప్రకటించడమే నాకు పరిహారమట!

ఉరుగ్వే ఒడ్డు: హాని రుజువు కాకుండా మిల్లు కూలగొట్టమంటావా? నవంబరులో ఉమ్మడి పరిశీలనకు సంతకాలు పెట్టాంగా. శాస్త్రవేత్తలు మిల్లుకూ వస్తారు, నీ గ్వాలెగ్వాయ్‌చూ నది వచ్చి కలిసే చోటికీ వెళ్తారు. మీ ఊరి నీళ్లు దిగేది అటే కదా.

అర్జెంటీనా ఒడ్డు: వెళ్లనీ. రిపోర్టు మాత్రం ఇద్దరికీ ఒకే రోజు అందాలి.