ఆ 94 ఏళ్లు ఎవరు బతికారు?

మంత్రవిద్యా దేవత మిస్ట్రాను చంపడం తప్పు కాదు. డంజన్స్ అండ్ డ్రాగన్స్ అనే బల్ల మీద ఆడే కథల ఆటలోని కల్పిత ఖండం ఫెరూన్‌లో దేవతలు చావడం కొత్తేమీ కాదు. 1989లో ఆ ఆట రెండో ఎడిషన్‌కి, అంటే కొత్త నిబంధనల పుస్తకాలకి మారుతున్నప్పుడే దేవతలందరినీ నేల మీదికి తోసేశారు, అప్పటి మిస్ట్రా ఆ గొడవలోనే పోయింది. కాబట్టి ఫెరూన్ ఉన్న ఫర్గాటెన్ రెల్మ్స్ లోకపు కాలమానంలో 1385లో సిరిక్, షార్ అనే దేవతలు కలిసి రెండో మిస్ట్రాను హతమార్చడం మీద నాకు అభ్యంతరం లేదు. ఆమెతోపాటు మంత్రవిద్యకి ఆధారమైన వీవ్ తెగిపోవడం, నీలిమంటలు దేశాలకి దేశాలను మింగడం మీద కూడా లేదు. స్పెల్‌ప్లేగ్ అనే ఈ విపత్తు చాలా గొప్ప ఊహ. నా కోపమంతా దాని తర్వాతి పేజీ మీద.

తర్వాతి పేజీ తిప్పితే 1479. 2008లో నాలుగో ఎడిషన్‌తో వచ్చిన రెల్మ్స్ పుస్తకం 94 ఏళ్లను ఒక్క అంగలో దాటేసింది. మాంత్రికులు ఏలిన హల్రువా పేలిపోయింది. అన్‌థర్ అనే దేశం ఉన్నచోట వేరే లోకపు నేల, దాని జనంతో సహా వచ్చి కూర్చుంది. ఫాలెన్ స్టార్స్ సముద్రంలో నీళ్లు దిగిపోయాయి. ఇవన్నీ పాత కబుర్లలా చెప్పేసి, రండి ఆడుకుందాం అన్నారు. సముద్రం వెనక్కి పోయిన రేవులో ఆ ఏడాది పడవవాళ్లు ఏం తిన్నారు? నిన్నటిదాకా నోట్లో ఉన్న మంత్రం ఇవాళ పలకని ముసలి మాంత్రికుడు ఏ పని చేసుకుని బతికాడు? అతన్ని ఊరు ఉండనిచ్చిందా, తరిమేసిందా? నవలలు కొన్ని ఆ కాలాన్ని తాకాయి, కాదనను. లోకానికి మూలమైన పుస్తకం మాత్రం ఆ పని చెయ్యలేదు.

ఎందుకు చెయ్యలేదో అందరికీ తెలుసు. పొద్దున్నే మంత్రాలు సిద్ధం చేసుకునే పాత పద్ధతిని నాలుగో ఎడిషన్ దాదాపు పక్కకు నెట్టి, యోధుడికీ మాంత్రికుడికీ ఒకే అచ్చులో శక్తులు పోసింది. ఆట నిబంధన మారింది కాబట్టి లోకం కూలాల్సి వచ్చింది. సరే, కూల్చారు. 2014లో ఐదో ఎడిషన్ వచ్చేసరికి చేసిన పని అంతకన్నా ఘోరం. సండరింగ్ అనే మరో కథాఘటన పేరుతో మిస్ట్రాను తిరిగి తెచ్చారు, వీవ్ అతికింది, హల్రువా కూడా తిరిగొచ్చేసింది. పోగొట్టుకున్న జనం దగ్గర మిగిలింది ఆ పోగొట్టుకున్న జ్ఞాపకమొక్కటే. దాన్నీ లాగేసుకున్నారు.

1987 నుంచి పేరుకుపోయిన చరిత్ర కొత్త ఆటగాళ్లను భయపెడుతోందని, మైదానం ఖాళీ చెయ్యకపోతే ఎవరూ రారని సమర్థించేవాళ్లున్నారు. భయం నిజమే. అయితే ఆ భయానికి మందు తక్కువ చెప్పడం. ఎన్నుకున్న ఒక్క ఊరిని లోతుగా చెబితే కొత్తవాడు హాయిగా లోపలికి వస్తాడు.

రుజువు కావాలంటే 2023లో వచ్చిన బాల్డర్స్ గేట్ 3 వీడియోగేమ్ రెండో అంకం చూడండి. అదే ఫెరూన్, అక్కడా నూరేళ్ల కిందటి శాపమే. సేనాని కెథరిక్ థార్మ్ ఓడిపోయినప్పుడు విరుచుకుపడిన చీకటి రైత్‌విన్ పట్నాన్ని కమ్మేసింది. కానీ ఆ నూరేళ్లను మనం కాగడా పట్టుకుని నడుచుకుంటూ దాటాలి. సుంకం వసూలు చేసే ఆవిడ ఒంటినిండా బంగారంతో ఇంకా నాణేలు అడుగుతూనే ఉంటుంది. వైద్యశాలలో వైద్యుడు ఇంకా కోస్తూనే ఉంటాడు. సారా దుకాణంలో ఒకడు ఇంకా పోస్తూనే ఉంటాడు. ఆ రోజు పోరాడి ఈ నేలను కాపాడలేకపోయిన హాల్సిన్ అనే పాత్ర ఆ భారం మోస్తూ మనతో తిరుగుతాడు. స్పెల్‌ప్లేగ్ గురించి ఒక్క ముక్క తెలియనివాళ్లు కూడా ఆ ఊళ్లో గంటలు గడిపారు. అంటే వందేళ్లు గడిచిపోవడం అడ్డు కాదు. ఆ వందేళ్లలో మనుషులను చూడకపోవడమే అడ్డు.

ఇది మనకు ఎవరో నేర్పాల్సిన విద్య కాదు. భారతం పద్దెనిమిది పర్వాల్లో స్త్రీపర్వం మొదలు ఎనిమిదీ యుద్ధం ముగిశాక నడిచేవే. తిక్కన ఆ ఎనిమిదింటినీ తెలుగు చేశాడు. దుర్యోధనుడు కూలాడు, కథ అయిపోయింది అనుకోలేదు. గాంధారిని శవాల మధ్యకు నడిపించాడు, గెలిచిన ధర్మరాజు చేత ఏడిపించాడు, యాదవకులం ముసలంతో పోయేదాకా, పాండవులు కొండదారిలో ఒక్కొక్కరే పడిపోయేదాకా కలం దించలేదు. ఇంత పెద్ద వారసత్వం ఉన్న భాషలో విపత్తు వార్త ఇవాళ ఎలా ఉంటోంది? మొదటి వారం మృతుల సంఖ్య, మంత్రుల ఏరియల్ సర్వే, పరిహారం ప్రకటన. ఆ తర్వాత నేరుగా వర్ధంతి. మధ్యలోని ఏళ్లను మనమూ అంగలో దాటేస్తున్నాం.

1977 నవంబర్ 19న ఉప్పెన దివిసీమ మీద పడి వేలాది మందిని తీసుకుపోయింది. ఏటా ఆ తేదీన అవే పాత ఫొటోలు చూస్తాం. ఉప్పునీళ్లు నిలిచిన పొలంలో మళ్లీ మొదటి వరి ఏ ఏడాది పండింది, ఇంటిల్లిపాదినీ పోగొట్టుకున్న పిల్లను ఎవరు పెంచారు, ఆ పిల్ల పెళ్లికి కన్యాదానం ఎవరు చేశారు అన్నవి కూడా ఉప్పెన వార్తలే. వాటి కోసం విలేకరులను పంపడానికి పత్రికలు యాభయ్యో వర్ధంతి దాకా ఆగనక్కర్లేదు. అప్పటి పదేళ్ల పిల్లలకు అరవై దగ్గరపడుతోంది.