సెటప్ డాట్ ఈఎక్స్‌ఈ గారి దివ్యసముఖానికి

సీడీలోంచి ప్రోగ్రాముని కంప్యూటర్‌లోకి ఎక్కించే మహారాజశ్రీ సెటప్ గారికి,

పర్లాకిమిడి డీటీపీ షాపు నుంచి నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేము క్షేమం కాదు. అంతా తమరి దయే.

పాత కంప్యూటర్ హార్డ్ డిస్కు పోయింది. కొత్త ల్యాప్‌టాప్‌లో తమరుండే పాత తెలుగు ఫాంట్ల సీడీ పెట్టే చోటే లేదు. డ్రైవు అరువు తెచ్చి, సీడీని చొక్కా అంచుతో తుడిచి, కవరు మీద వెలిసిపోయిన సీరియల్ నంబరులో అది 8ఆ, బీయా అని ఎండలోకి పట్టుకెళ్ళి చూసి, నిన్న మధ్యాహ్నం తమర్ని డబుల్ క్లిక్ చేశాను. తమరు సెలవిచ్చింది ఒక్క ముక్క: "ఈ యాప్ మీ పీసీలో నడవదు."

ఏది నడవదండీ? తమరి వెనకున్న ఫాంట్ల ప్రోగ్రాము 32 బిట్లది. 64 బిట్ల విండోస్‌లో దానికి చోటుంది. తమరే 16 బిట్లవారు, అంతకు ముందు తరంవారు. విండోస్ 95 రోజుల్లో లోపలి సరుకు మార్చారుగానీ, గుమ్మంలో తమర్ని మార్చలేదు. 64 బిట్ల విండోస్‌లో 16 బిట్లవాళ్ళకి ప్రవేశం లేదు, విండోస్ 11కి 32 బిట్ల ఎడిషనే లేదు. దేవుడు వరమిచ్చాడు, పూజారిగారు కదలరు! అడ్మినిస్ట్రేటర్ హోదా ఇచ్చాను. పాత విండోస్‌లా నటించే కంపాటిబిలిటీ మోడ్‌కి మొక్కాను. ఆ మొక్కు 16 బిట్లకి చెల్లదట.

ఎదురుగా స్టూలు మీద పెళ్ళికూతురి మావయ్య. శుభలేఖకి ఒడియా వైపు పది నిమిషాల్లో, ఏ కంప్యూటర్‌లోనైనా ఒకేలా చదవగలిగే యూనికోడ్‌లో అయిపోయింది. తెలుగు కూడా 1991 నుంచీ అందులో ఉంది, నిజమే. కానీ నా పదిహేనేళ్ళ కార్డులన్నీ నీ ఫాంట్లలోనే ఉన్నాయి. అవి లేకుండా తెరిస్తే "చి.ల.సౌ." కాస్తా చీమలు తొక్కిన సిరా మరకలు.

"ఏటి బాబూ, అచ్చేస్తావా, పాతపట్నం ఎల్లిపోమంటావా?"

సిగ్గు లేదట్రా నీకు? కొత్తలో ఎవడైనా తప్పు చేస్తాడు, అన్నేళ్ళు సీడీలో పడుకుని ఏం నేర్చుకున్నావు? కరెంటు కూడా రెండుసార్లు పోయింది, దాన్ని క్షమించాను. తిరిగి వస్తుంది కనుక.

ఏడింటికి, కంప్యూటర్‌లోనే ఇంకో కంప్యూటర్‌ని నడిపే వర్చువల్‌బాక్సులో పాత విండోస్ ఎక్స్‌పీ ఎక్కిస్తే లేచావు. అదే నీలం తెర, పక్కకి వాలిన తెల్లక్షరాలు. నా మొదటి షాపు రోజులు గుర్తొచ్చి, తిట్టబోయి ఆగాను. ముందు మిగతా ప్రోగ్రాములన్నీ మూసేయమని ఎంతో మర్యాదగా అడిగావు.

మావయ్య అప్పటికే పాతపట్నం ఆటో ఎక్కేశారు. తెరిచి ఉన్నది షట్టరొక్కటే. మూసేశాను.